విరహమా, ఎడబాటా?

సందేహం: ముప్పై ఏళ్ల కిందట ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో ఒక ప్రేమకథా చిత్రం చూసి, చివర్లో వాళ్లిద్దరూ విడిపోతే వెక్కివెక్కి ఏడ్చాను. మొన్న మా అమ్మాయితో కలిసి ఇంట్లో మళ్లీ చూస్తే, కూతుర్ని రైలెక్కించి ప్లాట్‌ఫారం మీద నిలబడిపోయిన తండ్రిని చూసి కన్నీళ్లొచ్చాయి. ‘విరహగాథ’ అన్నాను. ‘కాదమ్మా, బ్రేకప్ స్టోరీ’ అంది అమ్మాయి. విరహం, వియోగం, ఎడబాటు... ఏది సరైన మాట?
– ఒక పాఠకురాలు, నల్లకుంట, హైదరాబాద్

సమాధానం: పుత్రవియోగం, భర్తృవియోగం అని అనీ అనీ వియోగానికి చావు వాసన అంటుకుంది. దాన్ని పక్కన పెట్టండి.

విరహంలోని ‘రహ’ ధాతువుకు విడిచిపెట్టడమని అర్థం. జనం విడిచిన చోటు రహస్సు, అక్కడ చెప్పుకునేది రహస్యం. అయితే విరహానికి ఆశ ఉండాలి. నాట్యశాస్త్రం చెప్పిన ఎనిమిది రకాల నాయికల్లో విరహోత్కంఠిత ప్రియుడు వస్తాడనే ఎదురుచూస్తుంది. ఆ శాస్త్రం రాసిన భరతుడు విప్రలంభానికీ (విరహంలోని శృంగారం) కరుణానికీ (శోకరసం) నడుమ గీత గీసింది ఇక్కడే: ఆశ మిగిలితే విప్రలంభం, లేకపోతే కరుణం. అప్పట్లో మీరు చివరి రీలు దాకా వాళ్లు కలుస్తారనే చూసి ఉంటారు. ఇప్పుడు ముగింపు తెలిసి కూర్చున్నారు. సినిమా అదే, రసం మారింది.

నా మనసు మాత్రం ఎడబాటు మీదే. ఎడ అంటే నడుమ ఉండే దూరం. ‘కాస్త ఎడంగా కూర్చో’ అంటామే, అది. కరోనా రోజుల్లో ‘సామాజిక దూరం’ అని గోడలన్నీ నింపారు గానీ, ‘ఎడంగా నిలబడండి’ అన్న మాట ఒక్కరికీ గుర్తురాలేదు! ఇక ‘బాటు’ వచ్చింది పాయడం నుంచి. పాయడం అంటే విడివడడం. మెదక్ దగ్గర మంజీర చీలిన చోటు ఏడుపాయల. శివరాత్రి జాతరకు మన హైదరాబాద్ నుంచి వెళ్లేవాళ్లలో ఆ పేరు విడదీసి చూసినవాళ్లు ఎందరో! జడలోనూ పాయలే. మీ అమ్మాయికి చిన్నప్పుడు జడ వేసే ఉంటారు. మూడు పాయలు తీసేది మళ్లీ అల్లడానికేగా. అందుకే ఎడబాటు ఆశ ఉన్నచోటా చెల్లుతుంది, లేనిచోటా చెల్లుతుంది.

బ్రేకప్ అన్న మాటతో నాకు పేచీ లేదు. ‘బ్రేకప్ చెప్పేసింది’ అంటేనే ఆఫీసులో సెలవు చెప్పినట్టు వినిపిస్తుంది. మీరు ప్రేమికుల విషయంలో విరహమనే అన్నా నేను కాదనను, ఆనాటి ఇరవై ఏళ్ల ప్రేక్షకురాలికి అది ఒప్పే కావచ్చు. ఆ తండ్రికి మాత్రం ఆ మాట పొరపాటున కూడా వాడకండి. ఆయనది ఎడబాటే.