సికిల్ సెల్ నొప్పికి కౌన్సెలింగ్ రాశారంటే, నొప్పి మనసులోదనా?

కాదు, సికిల్ సెల్ నొప్పి ఒంట్లో పుట్టే అసలు నొప్పే. కౌన్సెలింగ్ రాసేది దాని వెంట వచ్చే భయాన్ని తగ్గించడానికి, రోజు గడిపే తీరు మార్చడానికి.

సికిల్ సెల్ అనే ఈ రక్త జబ్బులో కొడవలిలా వంగిన ఎర్ర రక్తకణాలు సన్నటి రక్తనాళాల్లో ఇరుక్కుంటాయి. అక్కడికి ఆక్సిజన్ అందక నొప్పి లేస్తుంది. అది ఎంత తీవ్రంగా తెలియాలన్నది మాత్రం కొంత మెదడు చేతిలో ఉంటుంది. మళ్లీ ఎప్పుడొస్తుందో అన్న బెంగతో నిద్ర పట్టదు, కండరాలు బిగుసుకుంటాయి, అంతే నొప్పి ఇంకా ఎక్కువగా బాధిస్తుంది.

గడ్చిరోలి జిల్లా సిరొంచలో మిరప ఏరడానికి వెళ్లే ఒకామెను అనుకోండి. ఒళ్లు బాగున్న రోజున, పోయిన కూలి రాబట్టాలని పొద్దువాలేదాకా ఎండలో వంగే ఉంటుంది, నీళ్లకు కూడా ఆగదు. మర్నాడు మంచం దిగలేదు. అతి శ్రమ, ఒంట్లో నీరు తగ్గడం, రెండూ నొప్పిని రేపేవే. సీబీటీ అనే కౌన్సెలింగ్ పద్ధతిలో (ఆలోచనలను, అలవాట్లను మార్చుకునే పద్ధతి) బాగున్న రోజున కూడా పనిని విడతలుగా చేయడం, అలసట రాకముందే ఆగడం, భయం మొదలవగానే ఊపిరి నెమ్మదిగా వదలడం నేర్పుతారు. ఇంట్లోవాళ్లు కూడా పక్కన కూర్చుని వినాలి. ఆమెను బద్ధకస్తురాలు అనడం అప్పుడే ఆగుతుంది.

పొరబడే వీలున్నది ఒకచోట: కౌన్సెలింగ్ మొదలైంది కదా అని, నొప్పి తరచుగా రాకుండా ఇచ్చే హైడ్రాక్సీయూరియా మందు మానేయడం. డాక్టరు చెప్పకుండా మానొద్దు. జ్వరం, ఛాతీ నొప్పి, ఆయాసం వస్తే వెంటనే ఆసుపత్రికే వెళ్లాలి. దగ్గర్లో సైకాలజిస్టు లేకపోతే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలి మానస్ 14416కి ఫోన్ చేయండి, ఉచితం.