రెండో స్విచ్‌కే ల్యాప్‌టాప్ హ్యాంగా?

తమ్ముడూ, తిరుపతిలో బీటెక్ మూడో ఏడు, సీసీఎన్ఏ (సిస్కో వాళ్ళ నెట్‌వర్కింగ్ సర్టిఫికెట్) అయింది, 16 జీబీ ల్యాప్‌టాప్‌లో నెక్సస్ 9000వీ, అంటే సిస్కో డేటా సెంటర్ స్విచ్ సాఫ్ట్‌వేర్ రూపం, ఒకటి నడుస్తోంది, రెండోది ఆన్ చేస్తే అంతా బిగుసుకుపోతోంది, రీలోడ్ కొడితే 'లోడర్' అని వచ్చి ఆగిపోతోంది, సర్వర్ కొనమని చిత్తూరులో నాన్నను అడగనా అని రాశావు. తోతాపురి మామిడికి ధర లేదని కూడా నువ్వే రాశావు కదా, మరి సర్వర్ ఊసు ఇప్పుడెందుకు?

ముందు లోడర్ సంగతి, అంటే స్విచ్ ఓఎస్‌ను లేపే చిన్న ప్రోగ్రామ్. స్విచ్ పాడవలేదు, ఏ ఫైలుతో లేవాలో దానికి ఎవరూ చెప్పలేదు, అంతే. అక్కడే 'డిర్' కొడితే ఇమేజ్ (ఓఎస్ ఫైలు) పేరు కనిపిస్తుంది, 'బూట్' అని ఆ పేరు ఇవ్వు. లేచాక కాన్ఫిగ్‌లో 'బూట్ ఎన్ఎక్స్ఓఎస్ బూట్‌ఫ్లాష్:' పక్కన అదే పేరు రాసి సేవ్ చెయ్యి. సేవ్ మరిచిపోతే రేపు మళ్ళీ లోడరే. మొదటిసారి లేచేటప్పుడు ఆటో ప్రొవిజనింగ్ (నెట్‌వర్క్ నుంచి తనంతట తానే సెట్టింగులు తెచ్చుకోవడం) ఆపాలా అని అడుగుతుంది, దానికి ఎస్ అనకుండా కూర్చుంటే అది ఐపీ అడ్రస్ ఇచ్చే డీహెచ్‌సీపీ సర్వర్ కోసం వెతుక్కుంటూనే ఉంటుంది.

ఇక ర్యామ్. ఈ స్విచ్ ఒక్కదానికే వెర్షన్‌ను బట్టి 8 జీబీ, ఒక్కోసారి ఇంకా ఎక్కువే కావాలి, విండోస్ తినేది వేరే. రెండు స్పైన్‌లు (మధ్యలో కలిపే స్విచ్‌లు), నాలుగు లీఫ్‌లు (సర్వర్లు తగిలించే స్విచ్‌లు) నీ ల్యాప్‌టాప్‌లో కుదరవు. కాబట్టి నెక్సస్ ఒక్కటే పెట్టుకుని దాని ఓఎస్ అయిన ఎన్ఎక్స్ఓఎస్ అలవాటు చేసుకో: ఫీచర్ ఆన్ చెయ్యనిదే ఓఎస్‌పీఎఫ్ (దారులు వెతికే రూటింగ్ ప్రోటోకాల్) కమాండే కనిపించదు, సిస్కో మామూలు స్విచ్‌ల ఐఓఎస్ నుంచి వచ్చినవాళ్ళు తడబడేది అక్కడే. ఫ్యాబ్రిక్, అంటే స్పైన్‌లు లీఫ్‌లు కలిసిన నెట్‌వర్క్, మాత్రం కంటైనర్‌ల్యాబ్ అనే ల్యాబ్ సాఫ్ట్‌వేర్‌లో నోకియా స్విచ్ ఓఎస్ ఎస్ఆర్ లినక్స్‌తో కట్టు, ఉచితం, నెక్సస్ కన్నా చాలా తేలిక. కమాండ్లు వేరే, కానీ వీఎక్స్‌ల్యాన్ (ఐపీ నెట్‌వర్క్ మీదుగా వేరు వేరు నెట్‌వర్క్‌లను సాగదీసే పద్ధతి), ఈవీపీఎన్ (ఏ మెషీన్ ఏ లీఫ్ వెనక ఉందో స్విచ్‌లు చెప్పుకునే పద్ధతి) ఎక్కడైనా అవే. టెలిగ్రామ్‌లో దొరికే నెక్సస్ ఇమేజ్‌ల జోలికి పోకు. సిస్కో వాళ్ళ సొంత ల్యాబ్ సాఫ్ట్‌వేర్ సిస్కో మోడలింగ్ ల్యాబ్స్ పర్సనల్ సబ్‌స్క్రిప్షన్‌లో అది సక్రమంగానే వస్తుంది.

కట్టాక చెడగొట్టు. ఒక లీఫ్ లూప్‌బ్యాక్ (స్విచ్ లోపలి వర్చువల్ ఇంటర్‌ఫేస్) షట్ చేసి, పింగ్ ఎక్కడ ఆగింది, స్విచ్‌లు రూట్లు పంచుకునే బీజీపీలో ఏ రూట్ పోయింది, అని నోట్‌బుక్‌లో రాసుకో. ఒకే నెట్‌వర్క్‌ను ముక్కలు చేసే వీల్యాన్ నంబర్లు 4094 దగ్గర ఆగిపోతే వీఎక్స్‌ల్యాన్ నంబరుకు 24 బిట్లు, అంటే కోటీ అరవై లక్షలకు పైనే ఎందుకు పెట్టారో అని ఇంటర్వ్యూలో అడిగితే తడుముకోకూడదు. స్పీడ్ టెస్టులు మాత్రం చెయ్యకు, వర్చువల్ స్విచ్‌లో ప్యాకెట్లను వేగంగా పంపే చిప్ ఉండదు, వచ్చే అంకెకు అర్థం లేదు.

మరీ అడగాలనిపిస్తే నాన్నను ర్యామ్‌కు అడుగు, అదీ నీ మోడల్‌లో ర్యామ్ మార్చొచ్చో, బోర్డుకే అతికించేశారో చూసుకున్నాకే.