ఖాళీలు తక్కువ చూపితే కోర్టు ధిక్కారం కేసు నిలుస్తుందా?

ప్రశ్న: ఖాళీలు లెక్కగట్టి భర్తీపై నిర్ణయం తీసుకోవాలని హైకోర్టు చెప్పింది. శాఖ సగం పోస్టులే చూపించింది. ధిక్కారం కేసు వేయొచ్చా?

వేయొచ్చు. నిలుస్తుందా లేదా అన్నది ఆ ఉత్తర్వులో ఉన్న మాటలను బట్టి ఉంటుంది. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం ప్రకారం ఆదేశాన్ని కావాలనే ఉల్లంఘించారని మీరు చూపాలి. "ఫలానా పోస్టులు ఫలానా గడువులో భర్తీ చేయండి" అని ఉండి, చేయకపోతే కేసు గట్టిది. "పరిశీలించి నిర్ణయం తీసుకోండి" అని మాత్రమే ఉంటే, అధికారి తప్పుడు లెక్కతో మెమో ఇచ్చినా సాధారణంగా ఆదేశం పాటించినట్టే చూస్తారు. ఆ మెమోను కొత్త రిట్‌లో (అధికారుల నిర్ణయంపై హైకోర్టులో వేసే పిటిషన్) సవాలు చేయాలి. జె.ఎస్. పరిహార్ కేసులో 1996లో సుప్రీంకోర్టు తేల్చింది ఇదే. నిరుద్యోగులు అప్పు చేసి లాయర్ ఫీజు కట్టి, తప్పు దారిలో కేసు వేసి టైమ్ పోగొట్టుకోవడం నిజంగా బాధాకరం.

కోర్టుకిచ్చిన అఫిడవిట్‌లోనే తెలిసి తెలిసి తప్పుడు లెక్క రాస్తే మాత్రం అది వేరే, ఇంకా తీవ్రమైన విషయం. అందుకే ముందు ఆర్టీఐ పెట్టి మంజూరైన పోస్టులు, పనిచేస్తున్నవారు, రిటైర్మెంట్లు, రోస్టర్ రిజిస్టర్ (ఏ పోస్టు ఏ రిజర్వేషన్ వర్గానికో వరుసగా రాసే పుస్తకం) నకలు తీసుకోండి. రోస్టర్‌లో ఒక పాయింట్ (వరుస నంబరు) ఎదురుగా పేరు లేకపోవడం ఒక్కటే ఖాళీకి రుజువు కాదు, మంజూరైన పోస్టులు, పనిచేస్తున్నవారి లెక్కతో కలిపి చూపాలి.

ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపు ధిక్కార పిటిషన్ వేయాలి. ఖాళీ ఉన్నంత మాత్రాన, సెలెక్షన్ లిస్టులో పేరున్నా సరే, ఉద్యోగం హక్కుగా రాదని 1991లో శంకరసన్ దాష్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే కారణం లేకుండా ఇష్టం వచ్చినట్టు ఆపే అధికారం ప్రభుత్వానికి లేదని కూడా అందులోనే ఉంది.