శిలీంధ్రం, పుట్టగొడుగు, కుక్కగొడుగు

సందేహం: ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు రోజే హైమ్ గురించి రాసిన వ్యాసంలో నేను "అడవిలో శిలీంధ్రాలను వేటాడి వండుకునేవారు" అన్నాను. సంపాదకులు దాన్ని "పుట్టగొడుగులు ఏరి వండుకునేవారు" అని దిద్దారు. శాస్త్ర విషయానికి శిలీంధ్రమే తగిన మాట కాదా? పుట్ట మీద మొలవనివాటిని పుట్టగొడుగులు అనవచ్చునా?

సమాధానం: సంపాదకులు దిద్దినదే సరైనది. కాళిదాసు మేఘసందేశంలో ఉరుముకు నేలపై మొలిచే శిలీంధ్రాల ప్రస్తావన ఉంది. అక్కడ కందళి అనే మొక్క అని అర్థం చెప్పిన వ్యాఖ్యాతలున్నా, పుట్టగొడుగు అనే అర్థమే ఎక్కువగా ప్రచారంలో ఉంది. అయితే నేటి శాస్త్రభాషలో ఆ మాట పరిధి బాగా పెరిగి, రొట్టెకు పట్టిన బూజు, పిండిని పులియజేసే ఈస్టు, పైర్ల తెగుళ్లకు కారణమైన అనేక జీవులు కూడా శిలీంధ్రాలే అయ్యాయి. పుట్టగొడుగు ఆ వర్గంలో కొన్ని జీవులు బయటికి తెచ్చే భాగం మాత్రమే. కాబట్టి హైమ్‌ను శిలీంధ్ర శాస్త్రజ్ఞుడు అనండి. జనం వండుకున్నవాటిని మాత్రం పుట్టగొడుగులనే అనండి.

పుట్ట గురించిన మీ సందేహానికి హైమ్ పరిశోధనే చక్కని ఆధారం. చెదపురుగులు ఎండుటాకులను, కట్టెను నమిలి పుట్ట లోపల సందుసందులుగా ఒక మెత్తని కట్టడం కడతాయి. దానిమీద పెరిగే శిలీంధ్రం ఆ పదార్థాన్ని వాటికి తినదగినదిగా మారుస్తుంది. వానలు పడ్డాక అదే శిలీంధ్రం మట్టిని చీల్చుకొని పైకి వచ్చి గొడుగు విప్పుతుంది. జాగ్రత్తగా తవ్వి చూస్తే, కాడ అడుగున వేరులాంటి పొడవాటి తోక ఆ కట్టడం దాకా దిగి ఉంటుంది. ఈ ప్రజాతికి 1942లో టెర్మిటోమైసిస్ అని పేరు పెట్టిన హైమ్, 1977లో చెదలకూ శిలీంధ్రాలకూ ఉన్న సంబంధంపై సమగ్ర గ్రంథమే వెలువరించారు. 1979లో దక్షిణ భారతంలో వర్ణితమైన ఒక జాతికి ఆయన పేరిట హైమీ అని నామకరణం జరిగింది. పుట్టకూ గొడుగుకూ ఉన్న ఈ పొత్తును మన పల్లెజనం కంటితో చూసి పెట్టిన పేరు ఎంత నికరమైనదో దీనివల్ల తెలుస్తుంది.

అలాగని ఆ పేరు పుట్టకే కట్టుబడి ఉండనక్కర లేదు. నూనె అనే మాట మొదట నువ్వుల నుంచి తీసినదానికే చెల్లినా, నేడు వేరుశనగ నూనె అనడానికి ఎవరూ సందేహించరు. అదే తీరున పాల పుట్టగొడుగు, ముత్యపు చిప్ప పుట్టగొడుగు అనే పేర్లు వ్యవసాయ రచనల్లో స్థిరపడ్డాయి. వాటిని నిస్సందేహంగా వాడవచ్చు.

"వేటాడి" అన్నది మాత్రం ఇంగ్లీషు వాడుకకు నీడ. తెలుగులో ఇప్పపూలు ఏరుతారు, దుంపలు తవ్వుతారు, తేనె తీస్తారు. పుట్టగొడుగులను ఏరుతారు లేదా కోస్తారు. వేటకు తప్పించుకోజూసే ప్రాణి ఉండాలి.

మీరు అడగకపోయినా ఒక మాట చెప్పవలసి ఉంది. మీ వ్యాసంలో చెప్పిన పేరే మళ్లీ చెప్పకుండా ఉండడానికి కాబోలు, పుట్టగొడుగుకు బదులు కుక్కగొడుగు అని రెండుచోట్ల వాడారు. జనవ్యవహారంలో కుక్కగొడుగు తినకూడనిది. ఆహారం గురించిన రచనలో ఈ రెండింటినీ పర్యాయపదాలు చేస్తే ప్రాణాపాయమే కలగవచ్చు. పైగా, విషపు జాతులు కూడా చూపుకు మంచివాటిలాగే ఉండగలవు కనుక, పుట్టగొడుగు అన్నంత మాత్రాన అది తినదగినదని పాఠకుడు అనుకోకూడదు. ఆ రెండుచోట్లా "తినదగిన పుట్టగొడుగు" అని మార్చి, అది ఏ జాతిదో పక్కనే పేర్కొనండి.