సీవీ జాయింట్ మార్చబోతున్న అబ్బాయికి

చిరంజీవికి బాబాయి ఆశీస్సులు.

స్టీరింగ్ పూర్తిగా తిప్పి బండి కదిలిస్తే ముందు చక్రం దగ్గర టకటకమంటోందనీ, ఔటర్ సీవీ జాయింట్ అరిగిందని మెకానిక్ చెప్పాడనీ, దాన్ని ఇంట్లో నువ్వే మార్చాలనుకుంటున్నావనీ రాశావు. మార్చవచ్చు. అదేం బ్రహ్మవిద్య కాదు. గేర్‌బాక్సు నుంచి చక్రాన్ని తిప్పే షాఫ్టుకు రెండు చివర్లా ఉండే కీళ్లే ఈ సీవీ జాయింట్లు. చక్రం వైపుది ఔటర్, గేర్‌బాక్సు వైపుది ఇన్నర్. అయితే ఈ పనిలో చెడేవన్నీ దాదాపు ఒకే చోట చెడతాయి. ఏ భాగం దేనితో ఆగి ఉందో చూడకుండా సుత్తి ఎత్తితే బేరింగో, షాఫ్టు మరో చివరన ఉన్న మంచి జాయింటో పోతుంది. అందుకే ఈ ఉత్తరంలో బిగించడం గురించి కంటే విప్పడం గురించే ఎక్కువ రాస్తున్నాను.

ముందు, పోయింది ఔటర్ జాయింటేనా అన్నది నువ్వే తేల్చుకో. ఖాళీ స్థలంలో స్టీరింగ్ ఒకవైపు చివరిదాకా తిప్పి, నెమ్మదిగా యాక్సిలరేటర్ ఇస్తూ గుండ్రంగా తిప్పు. తర్వాత రెండోవైపు. రివర్సులో కూడా ఒకసారి చూడు. చక్రం వేగంతో పాటు టకటక వేగం కూడా పెరుగుతూ, యాక్సిలరేటర్ వదలగానే తగ్గితే అది ఔటర్ జాయింటే. తిన్నగా పోతూ వేగం అందుకునేటప్పుడు బండి వణికితే ఇన్నర్ జాయింట్ మీద అనుమానపడు. మలుపుతో సంబంధం లేకుండా వేగంతో పాటు పెరిగే హోరు అయితే వీల్ బేరింగ్. ఎడమకు తిప్పినప్పుడు చప్పుడు వస్తే సాధారణంగా కుడి జాయింటే అంటారు కానీ, అదొక్కటే నమ్మి షాఫ్టు విప్పకు. చక్రం వెనక్కి టార్చి వేసి చూడు. జాయింటును కప్పి ఉండే రబ్బరు తొడుగు, అంటే బూటు చిరిగి, రిమ్ము లోపలి వైపు నల్లటి గ్రీజు చిమ్మి ఉంటే ఇక సందేహం అక్కర్లేదు.

ఆ చప్పుడు ఎందుకొస్తుందో తెలిస్తే మిగతా పనంతా అర్థమవుతుంది. ఔటర్ జాయింట్లలో ఎక్కువ భాగం 1920ల్లో ఆల్‌ఫ్రెడ్ జెప్పా అనే ఇంజినీరు రూపొందించిన పద్ధతిలోవే. బయట గంట ఆకారంలో ఒక ఉక్కు గిన్నె, లోపల షాఫ్టు కూర్చునే రేసు, రెండింటికీ ఎదురెదురు గాళ్లు, ఆ గాళ్లలో ఆరు ఉక్కు గోళీలు, వాటిని వరుసలో పట్టి ఉంచే పంజరం. చక్రం ఏ కోణంలో తిరిగినా గోళీలు ఆ కోణాన్ని సరిగ్గా సగం చేసే తలంలో ఉంటాయి. అందుకే షాఫ్టు ఎంత వేగంతో తిరిగితే చక్రం అంతే వేగంతో, కుదుపు లేకుండా తిరుగుతుంది. బూటు చిరిగితే గ్రీజు బయటికి పోతుంది, దుమ్మూ నీళ్లూ లోపలికి చేరతాయి, గాళ్లలో గుంటలు పడతాయి. కోణం పెరిగి బరువు పడినప్పుడు గోళీ ఆ గుంటలోకి దిగి ఎక్కే చప్పుడే నువ్వు వింటున్నది. గుంట పడ్డాక కొత్త గ్రీజు ఎంత కూరినా లాభం లేదు. బూటు చిరిగినట్టు త్వరగా కనిపెట్టి, చప్పుడు ఇంకా మొదలుకాకపోతే మాత్రం జాయింటును శుభ్రంగా కడిగి కొత్త బూటు వేస్తే సరిపోతుంది. నీ బండి ఆ దశ దాటింది.

జాయింటు మార్చాలా, మొత్తం షాఫ్టు మార్చాలా అని కూడా అడిగావు. పని తేలికగా అయిపోవాలంటే మొత్తం షాఫ్టే. కానీ ఇన్నర్ జాయింటు బాగుండి, దాని బూటు పగుళ్లు లేకుండా ఉంటే నేను కంపెనీ షాఫ్టును వదులుకోను. చవకలో దొరికే షాఫ్టు తెచ్చి వణుకు కొనుక్కునే కంటే, ఉన్న షాఫ్టుకు మంచి రకం ఔటర్ జాయింటు వేయడం మేలు. రెండు బూట్లూ పోయి ఇన్నర్ కూడా లొడలొడమంటుంటే మొత్తం మార్చెయ్. ఇంకో మాట. కొన్ని బండ్లలో ఔటర్ జాయింటు షాఫ్టు నుంచి ఊడి రాదు, షాఫ్టుతో కలిపే అమ్ముతారు. నీ మోడల్ సంగతి సర్వీస్ మాన్యువల్‌లో చూసుకున్నాకే సామాను కొను.

కొత్త జాయింటు చేతికి రాగానే పాతదానితో పోల్చడానికి సిద్ధంగా ఉండు. షాఫ్టు వైపు పళ్లు, చక్రం వైపు పళ్లు లెక్కపెట్టు. మర వ్యాసం, బూటు కూర్చునే చోటి వ్యాసం కొలువు. జాయింటు మీద ఏబీఎస్ (బ్రేకు వేసినప్పుడు చక్రాలు బిగుసుకుపోకుండా చూసే ఏర్పాటు) రింగు ఉంటే దాని పళ్లూ సమానంగా ఉండాలి. రింగు లేనిది కొని తెచ్చావంటే బండి బాగానే నడుస్తుంది కానీ డాష్‌బోర్డులో ఏబీఎస్ దీపం వెలుగుతూనే ఉంటుంది, ఏబీఎస్ పనిచేయదు. కిట్టులో బూటు, రెండు క్లిప్పులు, జాయింటును షాఫ్టు మీద పట్టి ఉంచే కొత్త సర్‌క్లిప్, గ్రీజు ప్యాకెట్, జాయింటు చివరను చక్రం మధ్యలో బిగించే కొత్త యాక్సిల్ నట్టు ఉన్నాయో లేదో చూడు. నట్టు లేకపోతే విడిగా కొను. చాలా బండ్లకు అది ఒక్కసారి వాడి పారేసేదే.

ఇక పని. జాకీ ఎత్తడానికే, మోయడానికి కాదు. బండిని స్టాండ్ల మీద దించి, వెనక చక్రాలకు అడ్డాలు పెట్టి, చేత్తో గట్టిగా ఊపి చూశాకే కిందికి చెయ్యి పెట్టు. ఇందులో మొహమాటం వద్దు. సుత్తి వాడేటప్పుడు కళ్లద్దాలు తీయకు, సర్‌క్లిప్ ఎటు ఎగురుతుందో చెప్పలేం.

మొదటి గొడవ యాక్సిల్ నట్టుతో. ముందురోజు రాత్రే తుప్పు వదిలించే నూనె కొట్టి ఉంచు. నట్టు అంచును షాఫ్టు గాడిలోకి నొక్కి ఉంటే చిన్న ఉలితో దాన్ని పైకి లేపు. నట్టు తిరక్కుండా ఆపే కాటర్ పిన్ ఉంటే లాగెయ్. బండి నేల మీదే ఉండి, హ్యాండ్‌బ్రేక్ వేసి, గేరులో ఉన్నప్పుడు పొడుగాటి రాడ్డుతో నట్టు పట్టు మాత్రం వదిలించు, పూర్తిగా విప్పకు. అలా బరువు మీద వదిలించొద్దని మాన్యువల్‌లో ఉంటే బండి ఎత్తాక, ఇంకొకరు బ్రేక్ తొక్కి పట్టుకుంటే చెయ్. ఎలా చేసినా నట్టు వదులైన బండిని నేల మీద అంగుళం కూడా కదపకు. వీల్ బేరింగ్ రెండు సగాలనూ కలిపి నొక్కి ఉంచేది ఆ నట్టే.

చక్రం తీశాక, చక్రం బిగించే మధ్య భాగాన్ని, అంటే హబ్‌ను బయటికి జరపడానికి దారి చేయాలి. హబ్ భాగాన్ని కింది ఆర్మ్‌తో కలిపే బాల్ జాయింటు విడదీయడం నాకు నచ్చిన దారి, స్టీరింగ్ నుంచి వచ్చే టై రాడ్ ఎండ్ కూడా తీస్తే హబ్ ఇంకా స్వేచ్ఛగా తిరుగుతుంది. కొందరు స్ట్రట్ (షాక్ అబ్సార్బర్ ఉన్న నిలువు భాగం) దగ్గరి రెండు బోల్టులు విప్పుతారు. అక్కడ ఏ కాస్త తేడా వచ్చినా చక్రం వాలు మారుతుంది కాబట్టి గుర్తులు పెట్టుకోవాలి, తర్వాత అలైన్‌మెంట్ చేయించాలి. బ్రేక్ ప్యాడ్లను పట్టి ఉంచే కాలిపర్ విప్పాల్సి వస్తే తీగతో స్ప్రింగుకు కట్టు, బ్రేక్ పైపుకు వేలాడనివ్వకు. ఏబీఎస్ తీగ కూడా సాగకుండా చూసుకో.

ఇప్పుడు జాయింటును హబ్ లోంచి లోపలికి తోయాలి. నట్టును మర చివరకు సమానంగా తిప్పి ఉంచి, మెత్తని సుత్తితో కొట్టు. మర పాడవకుండా నట్టు కాపాడుతుంది. కదలకపోతే దెబ్బ పెంచకు, పుల్లర్ పెట్టి తొయ్యి. బయటికి వచ్చాక షాఫ్టును నీ వైపుకు లాగొద్దు. లాగితే ఇన్నర్ జాయింటులోని రోలర్లు వాటి గూట్లోంచి జారి, ఆ పక్క బూటు కూడా విప్పుకోవాల్సిన పని పడుతుంది. హబ్‌ను పక్కకు జరుపు, షాఫ్టును ఒక చేత్తో లోపలికి నెట్టి పట్టుకో.

షాఫ్టును గేర్‌బాక్సులోంచి తీసి బల్ల మీద చేయాలా, బండికి ఉండగానే చేయాలా? మాన్యువల్ గేరు బండి అయితే మొదటిసారి చేసేవాడికి తీసి చేయమనే చెబుతాను. వైసులో చెక్క ముక్కల మధ్య బిగిస్తే రెండు చేతులూ ఖాళీగా ఉంటాయి. గేర్ ఆయిల్ ముందే దింపుకో, ఆయిల్ సీల్ అంచుకు షాఫ్టు పళ్లు గీసుకోకుండా చూడు, మళ్లీ మాన్యువల్ చెప్పిన రకం నూనె చెప్పిన మట్టం దాకా పొయ్యి. రెండు పక్కల షాఫ్టులూ ఒకేసారి తీయకు. కొన్ని గేర్‌బాక్సుల్లో లోపలి సైడ్ గేర్లు చోటు తప్పుతాయి, ఆ తర్వాత షాఫ్టు లోపలికి పోదు. ఆటోమేటిక్ అయితే చాలా వాటిలో నూనె మట్టం వేడిని బట్టి చూడాలి, అది ఇంట్లో తలనొప్పి. అప్పుడు షాఫ్టును బండికే ఉంచి పనిచేసుకో.

పాత బూటు కోసి పారేసి, గుడ్డతో గ్రీజంతా తుడువు. తొందరలో చాలామంది వదిలేసేది ఈ తుడవడమే. గ్రీజు ఉంటే సర్‌క్లిప్ కనపడదు, కనపడకపోతే ఎలా ఊడుతుందో తెలియదు. లోపలి రేసు ముఖం మీద రెండు చెవులున్న క్లిప్ కనిపిస్తే సర్‌క్లిప్ ప్లయర్‌తో దాన్ని విప్పార్చి పట్టుకుని జాయింటును మెల్లగా తట్టు, జారి వస్తుంది. ఏమీ కనిపించకపోతే షాఫ్టు చివరి గాడిలో, రేసు లోపల దాగిన రింగు ఉండే అవకాశం ఎక్కువ. దాన్ని చేత్తో తీయలేం, దెబ్బకే ముడుచుకుని వదులుతుంది. ఇత్తడి కడ్డీని లోపలి రేసు మీదే ఆనించి, ఒకచోట కాకుండా చుట్టూ మార్చుకుంటూ గట్టిగా కొట్టు. పంజరాన్ని కొట్టకు. మొదటి రకానికి రెండో రకం వైద్యం చేస్తే ఎంత కొట్టినా ఊడదు సరికదా, షాఫ్టు గాడి అంచు చెడుతుంది. అందుకే ముందు తుడిచి, చూసి, అప్పుడు సుత్తి అందుకో.

జాయింటు ఊడాక షాఫ్టు పళ్లను శుభ్రం చేసి, వాటికి టేపు చుట్టు. ఇప్పుడు చిన్న క్లిప్పు, దాని వెనక కొత్త బూటు, ఆ తర్వాత పెద్ద క్లిప్పు షాఫ్టు మీదికి ఎక్కించు. జాయింటు కొట్టి కూర్చోబెట్టాక బూటు బల్ల మీదే మిగిలిందని చూసి నెత్తి కొట్టుకునేవాళ్లు బోలెడు మంది. టేపు తీసేసి, కొత్త సర్‌క్లిప్ గాడిలో వెయ్యి. పాతది బాగానే కనిపిస్తోందని వాడకు.

గ్రీజు విషయంలో లోభం వద్దు, అతి కూడా వద్దు. కిట్టులో ఇచ్చిన ప్యాకెట్టు మొత్తం ఆ జాయింటుకు కొలిచి ఇచ్చినదే. అది మాలిబ్డినం డైసల్ఫైడ్ కలిసిన నల్లటి గ్రీజు. ఇంట్లో ఉన్న మామూలు గ్రీజు దాని బదులు పనికిరాదు. రేసు మధ్య రంధ్రంలోంచి బొటనవేలితో నొక్కుతూ గోళీల సందుల్లోంచి పైకి వచ్చేదాకా నింపు, మిగిలింది బూటులో వెయ్యి.

షాఫ్టు పళ్లకు జాయింటు పళ్లు కలిపి, దాగి ఉండే రింగు రకమైతే దాన్ని గాడి మధ్యలో ఉంచి, మర చివర పాత నట్టు బిగించి మెత్తని సుత్తితో కొట్టు. క్లిప్ కూర్చున్నప్పుడు దెబ్బ మోత మారుతుంది. అది విని వదిలేయకు, రెండు చేతులతో జాయింటును బయటికి గట్టిగా లాగి చూడు. రాకూడదు. తర్వాత బూటు అంచులు కూర్చునే చోట గ్రీజు జాడ లేకుండా తుడువు, లేకపోతే క్లిప్పు బిగించినా బూటు జారుతుంది. జాయింటును తిన్నగా పెట్టి, మొద్దు స్క్రూడ్రైవర్‌తో బూటు అంచు కాస్త లేపి లోపలి గాలి వదిలాకే క్లిప్పులు బిగించు. గాలి చిక్కితే బూటు ఉబ్బుతుంది, ఉబ్బిన బూటు రాసుకుని చిరుగుతుంది. చెవి ఉన్న క్లిప్పుకు దాని ప్లయరే వాడు. ప్లాస్టిక్ టై కట్టి పంపేవాళ్లను చూశాను. దానికంటే బూటు వేయకపోవడమే నయం, కనీసం వేశామన్న భ్రమ ఉండదు.

మిగతాది వచ్చిన దారినే తిరిగి పోవడం. బాల్ జాయింటు కాడకు గాడి ఉంటే, కాడను బిగించి పట్టే పించ్ బోల్టు ఆ గాడిలోంచి పోయేలా కాడ పూర్తిగా లోపలికి దిగాలి. టై రాడ్ ఎండ్‌కు కొత్త కాటర్ పిన్ వెయ్యి. దాని పొడవు మార్చలేదు కాబట్టి అలైన్‌మెంట్ భయం లేదు. యాక్సిల్ నట్టు మాత్రం టార్క్ రెంచితోనే, మాన్యువల్‌లో ఉన్న అంకెకే బిగించు. చాలా కార్లకు అది 200 న్యూటన్ మీటర్ల చుట్టుపక్కల ఉంటుంది, కొన్నింటికి 300 దాటుతుంది. 200 అంటే మీటరు పొడవు రాడ్డు చివర ఇరవై కిలోలు వేలాడదీసినంత బలం. ఇంపాక్ట్ గన్ విప్పడానికి సరే, ఈ నట్టు బిగించడానికి వద్దు. నట్టు అంచును గాడిలోకి నొక్కాల్సిన రకమైతే అది మరిచిపోకు. చక్రం వేసి, బండి దించి, వీల్ నట్లు కూడా టార్క్ చూసి బిగించాక, కదిలించే ముందు బ్రేక్ పెడల్ గట్టిపడేదాకా తొక్కు. ప్యాడ్లు వెనక్కి జరిగి ఉంటే మొదటి తొక్కుకు బ్రేకు పడదు.

తర్వాత అదే ఖాళీ స్థలంలో అవే గుండ్రాలు తిప్పు, రివర్సులో కూడా. కొన్నాళ్లు నడిపాక వీల్ నట్లు మళ్లీ చూసి, టార్చి వేసి బూటు అంచుల దగ్గర గ్రీజు చెమ్మ ఉందేమో గమనించు. పనిలో పనిగా రెండో పక్క బూటు మడతలు కూడా విప్పార్చి చూడు. పగుళ్లు మొదలైతే చప్పుడు రాకముందే బూటు మార్చుకోవచ్చు. ఇంత చేశాకా టకటక తగ్గకపోతే కొత్త జాయింటును వెంటనే తిట్టకు. మొదట యాక్సిల్ నట్టు టార్క్ మళ్లీ చూడు, తర్వాత రెండో పక్క ఔటర్ జాయింటు, ఆ తర్వాత బేరింగ్. మూడూ బాగుండి కూడా చప్పుడు వస్తుంటే స్టీరింగ్ ఎటు తిప్పినప్పుడు వస్తోందో రాయి, అప్పుడు చూద్దాం.

మీ బాబాయి