సాంచాల మధ్య పెరిగిన అమ్మాయి ఏ చదువు ఎంచుకోవాలి?

ప్రశ్న: మాది సిరిసిల్ల. చాలా ఏళ్లుగా ఆసామిగా, అంటే యజమాని దగ్గర నూలు తీసుకుని గుడ్డ నేసి ఇచ్చేవాడిగా, సాంచాలు (మరమగ్గాలు) నడుపుతున్నాను. నా భార్య బీడీలు చేస్తుంది. మా అమ్మాయి ఇంటర్ ఎంపీసీ రెండో సంవత్సరంలో ఉంది. కంప్యూటర్ సైన్స్ చదివిద్దామంటే ఏఐ వచ్చాక ఆ ఉద్యోగాలు మిగలవని అందరూ భయపెడుతున్నారు. తను మాత్రం టెక్స్‌టైల్ టెక్నాలజీ చదువుతానంటోంది. యంత్రం మారినప్పుడల్లా మా బతుకులు ఎలా తలకిందులయ్యాయో చూసిన నాకు మనసొప్పడం లేదు. ఏం చేయమంటారు?

జవాబు: మీ భయం అనుభవంలోంచి వచ్చింది కాబట్టి దానిని నేను తేలికగా తీసుకోను. చేనేత మగ్గం నుంచి మరమగ్గానికి మారిన కాలంలో ఎంతమంది చేతుల్లోంచి పని జారిపోయిందో లెక్కలే చెబుతున్నాయి. దేశంలో చేనేత, అనుబంధ పనుల మీద ఆధారపడినవారు 1995లో 65 లక్షలకు పైగా ఉండగా, 2019-20 గణన నాటికి 35 లక్షలకు తగ్గారు. కొన్ని రకాల వస్త్రాలను చేనేతకే కేటాయిస్తూ 1985లో చట్టం వచ్చినా ఈ తగ్గుదల ఆగలేదు.

అయితే మీ సాంచాలు ఆగిపోయిన రోజులను ఒకసారి గుర్తు చేసుకోండి. అప్పుడు సిరిసిల్లలోకి కొత్త యంత్రమేదీ వచ్చి మిమ్మల్ని పక్కకు నెట్టలేదు. ఆర్డరు లేకపోవడం వల్లనో, నూలు ధరకు గుడ్డ ధరకు పొంతన కుదరకపోవడం వల్లనో అవి ఆగాయి. నాడె (అడ్డపోగును మోసే సాధనం) అటూ ఇటూ తిరిగే మామూలు సాంచా నిమిషానికి సుమారు 120 నుంచి 150 పోగులు వేస్తే, గాలి ఒత్తిడితో పోగును విసిరే ఎయిర్‌జెట్ మగ్గం 600కు పైగా వేస్తుంది. అటువంటి మగ్గాలు వేరే ఊళ్లో, వేరే రాష్ట్రంలో తిరుగుతున్నా మీ మీటరు గుడ్డకు వచ్చే ధరను అవే నిర్ణయిస్తాయి. 2017లో మొదలైన బతుకమ్మ చీరల ఆర్డర్లు కొన్నేళ్లపాటు ఆ పోటీ నుంచి సిరిసిల్లను కాపాడాయి గానీ, ప్రభుత్వ ఆర్డరు మీద నిలిచిన పని ఆ ఆర్డరుతో పాటే పెరుగుతుంది, తరుగుతుంది. మనలాంటి దేశాల్లో సాంకేతిక మార్పు కార్మికుడిని ఎక్కువగా తాకేది ఇలాగే, దూరం నుంచి, ధర రూపంలో.

దీనికి రెండో వైపు కూడా ఉంది. అభివృద్ధి చెందుతున్న దేశాల్లోని ఉద్యోగాల్లో మూడింట రెండు వంతులు సాంకేతికంగా చూస్తే యంత్రాలతో చేయించగలిగినవేనని ప్రపంచ బ్యాంకు 2016 నివేదిక చెప్పింది. కూలి రేట్లు తక్కువగా ఉండటం, కొత్త యంత్రాలు నెమ్మదిగా రావడం వల్ల వాస్తవ ప్రభావం అంతకన్నా తక్కువగా ఉంటుందని కూడా అదే నివేదిక చెప్పింది. యంత్రాన్ని కనిపెట్టిన రోజునే అది మన ఊరికి రాదు. దాని మీద పెట్టే వడ్డీ కన్నా మనిషికిచ్చే కూలి ఎక్కువైన రోజున వస్తుంది. బంగ్లాదేశ్ స్వెటర్ ఫ్యాక్టరీల్లో చేతితో నడిపే అల్లిక యంత్రాల స్థానంలో కంప్యూటర్ జకార్డ్ యంత్రాలు వచ్చాక, ఒక్క ఆపరేటరే అనేక యంత్రాలు చూసుకునే పరిస్థితి ఏర్పడి, అల్లిక పనివారు పెద్ద సంఖ్యలో తగ్గిపోయారు. అదే సమయంలో అడిదాస్ కంపెనీ బూట్ల తయారీని రోబోలతో జర్మనీకి తిరిగి తీసుకువెళ్తానని ఫ్యాక్టరీ తెరిచి, 2020 నాటికి దానిని మూసివేసి, ఆ పరిజ్ఞానాన్ని ఆసియాలోని సరఫరాదారులకే అప్పగించింది. కాబట్టి యంత్రం వస్తే పని మొత్తం పోతుందని గానీ, ఏమీ కాదని గానీ ముందే తీర్మానించుకుని పిల్లల చదువు నిర్ణయించకూడదు.

ఏఐ విషయంలోనూ అంతే. అంతర్జాతీయ కార్మిక సంస్థ 2023 అధ్యయనం ప్రకారం దీనివల్ల అందరికన్నా ఎక్కువ ప్రమాదం గుమాస్తా తరహా పనులకు, అంటే వివరాలు నమోదు చేయడం, ఉత్తరాలు తయారు చేయడం వంటి వాటికి ఉంది. మీ అమ్మాయికి గణితం మీద నిజమైన ఆసక్తి ఉండి మంచి కళాశాలలో సీటు వస్తే కంప్యూటర్ సైన్స్ ఇప్పటికీ మంచి చదువే. సరైన అధ్యాపకులు లేని కళాశాలలో, కేవలం బ్రాంచి పేరు కోసం అప్పు చేసి చేర్పించడాన్ని మాత్రం నేను గట్టిగా వద్దంటాను. అలా చదివి బయటికి వచ్చినవారికి దొరికే తొలి ఉద్యోగాలే ఏఐ ముందుగా తగ్గించే ఉద్యోగాలు.

ఇక మీ అమ్మాయి కోరిక గురించి. ఆలేరు ప్రాంతానికి చెందిన చింతకింది మల్లేశం గారి పేరు మీరు వినే ఉంటారు. పోచంపల్లి తరహా చీరకు ఆసు పోయడానికి, అంటే నేతకు ముందు నూలును మేకుల చుట్టూ వరుసగా తిప్పడానికి, ఆయన తల్లి ఒక్కో చీరకు వేల సార్లు చేయి అటూ ఇటూ తిప్పవలసి వచ్చేది. బడి చదువు మధ్యలోనే ఆగిపోయిన ఆయన, ఏళ్ల తరబడి కష్టపడి ఆసు యంత్రం తయారు చేశారు. గంటల పని గంటన్నరకు తగ్గింది, ఆడవాళ్ల భుజాల నొప్పి తగ్గింది, మగ్గం మీది పని మాత్రం నేతగాడికే మిగిలింది. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఆ యంత్రం పెద్ద ప్రయోగశాలలో పుట్టలేదు. పనిలో ఏ భాగం మనిషిని అరగదీస్తుందో, ఏ భాగంలో నైపుణ్యం ఉందో తెలిసిన ఇంట్లో పుట్టింది. వార్పిన్, వైపని, కండెలు చుట్టడం, బీము ఎక్కించడం వంటి నేతకు ముందు పనులను చిన్నప్పటి నుంచి చూసిన మీ అమ్మాయికి ఆ తెలివిడి ఇప్పటికే ఉంది. దానికి ఇంజినీరింగ్ తోడైతే ఆమె సాంచా ముందు నిలబడే మనిషిగా కాక, ఏ యంత్రం కొనాలో, ఎలా నడపాలో, పాడైతే ఎలా బాగు చేయాలో చెప్పే మనిషిగా ఆ పరిశ్రమలోకి వెళ్తుంది. మీరు అనుభవించిన స్థానం, ఆమె కోరుకుంటున్న స్థానం ఒకటి కావు.

ఉస్మానియా విశ్వవిద్యాలయ టెక్నాలజీ కళాశాలలో టెక్స్‌టైల్ టెక్నాలజీ బీటెక్ ఉంది, ఎంసెట్ స్థానంలో వచ్చిన టీజీ ఈఏపీసెట్ ద్వారా చేరవచ్చు. అక్కడ రాకపోతే ఎలక్ట్రికల్ లేదా మెకానికల్ తీసుకోమంటాను, ఎందుకంటే ఆధునిక మగ్గంలో సగం పని మోటార్లు, సెన్సర్లు, కంట్రోల్ ప్యానెళ్లదే. వస్త్ర పరిశ్రమ తగ్గినా ఆ నైపుణ్యం మరో ఫ్యాక్టరీలో పనికొస్తుంది. హైదరాబాద్‌లో 2024లో ప్రారంభమైన కొండా లక్ష్మణ్ బాపూజీ పేరిట ఉన్న చేనేత సాంకేతిక సంస్థ మూడేళ్ల డిప్లొమా ఇస్తోంది, మీ ఇంట్లో పదో తరగతి చదివే పిల్లలుంటే వారికి అది మంచి దారి. తొలి జీతం సాఫ్ట్‌వేర్ కన్నా తక్కువగా ఉండవచ్చని, ఉత్పత్తి విభాగంలో షిఫ్టులు ఉంటాయని ముందే చెబుతున్నాను. ఆడపిల్లకు మెయింటెనెన్స్ పని ఎందుకని మీకు అనిపించవచ్చు గానీ, నాణ్యత పరీక్ష, రంగుల అద్దకం, కంప్యూటర్ డిజైనింగ్ కూడా ఇదే చదువులోకి వస్తాయి.

పరీక్షలయ్యాక ఆమెను నాడె లేని ఆధునిక మగ్గాలున్న ఒక యూనిట్‌కు, వీలైతే వరంగల్‌లోని కాకతీయ మెగా టెక్స్‌టైల్ పార్కుకు తీసుకువెళ్లి, అక్కడి సూపర్‌వైజర్లతో మాట్లాడనివ్వండి. వారు ఏం చదివారు, ఎంత జీతంతో మొదలుపెట్టారు, ఏ పని తెలిసినవారు దొరకడం లేదని అడగమనండి. కౌన్సెలింగ్‌లో ఆప్షన్లు పెట్టే ముందు ఆ జవాబులు రాసుకుని నాకు పంపితే, కళాశాలల క్రమం మనం కలిసి నిర్ణయిద్దాం.