పారిస్ వెళ్లి సెట్లు వేస్తానంటోంది, పంపమంటారా?

ప్రశ్న: మా అమ్మాయి విజయవాడలో బీఆర్క్ నాలుగో ఏడాది చదువుతోంది. 'అమేలీ' అనే ఫ్రెంచ్ సినిమా చూసినప్పటి నుంచి పారిస్ వెళ్లి ప్రొడక్షన్ డిజైనర్ అవుతానని ఒకటే పట్టు. ఇళ్లు కట్టే చదువు చదివి సెట్లు వేయడమేంటని వాళ్ల నాన్న కోపం. ఏం చేయమంటారు? – ఒక తల్లి

జవాబు: అమ్మా, చదువు వృథా అవుతుందన్న టెన్షన్ ముందు పక్కన పెట్టండి. ఈ పనికి బీఆర్క్ కంటే మంచి పునాది తక్కువ.

ప్రొడక్షన్ డిజైనర్‌ని, అంటే మనం ఆర్ట్ డైరెక్టర్ అనేవారిని, ఫ్రాన్స్‌లో 'షెఫ్ డెకొరాటర్' అంటారు. పేరు చూసి కర్టెన్లు, కుర్చీలు ఎంచే పని అనుకోకండి. సామాను సమకూర్చడానికి 'ఆన్సాంబ్లియే' అని వేరే మనిషి ఉంటారు. కథ ఏ గోడల మధ్య జరగాలో ఊహించి, గీసి, బడ్జెట్ దాటకుండా కట్టించేది షెఫ్ డెకొరాటర్.

పరాయి దేశపు పిల్లను అక్కడ రానిస్తారా అంటే, ఆ రంగంలో అందరూ గౌరవంగా తలుచుకునే అలెగ్జాండర్ ట్రోనెర్ పుట్టింది హంగరీలోని బుడాపెస్ట్‌లో. పెయింటింగ్ చదువుకుని 1929లో పారిస్ చేరాడు. లాజార్ మేర్సన్ అనే సెట్ డిజైనర్ దగ్గర అసిస్టెంట్‌గా కుదిరాడు. ఆ మేర్సన్ కూడా రష్యన్ సామ్రాజ్యం నుంచి వచ్చినవాడే! 1938లో 'ఓటెల్ దు నోర్' అనే సినిమా కోసం పారిస్‌లోని సెయింట్ మార్టిన్ కాలువ మీద అన్ని రోజులు పడవల్ని ఆపడం కుదరక, ట్రోనెర్ స్టూడియో స్థలంలోనే కాలువ, వంతెన, హోటల్ ముఖభాగం కట్టించాడు. తర్వాత 'ది అపార్ట్‌మెంట్' అనే అమెరికన్ సినిమాలో ఆఫీసు హాలు అంతూ పొంతూ లేనట్టు కనిపించాలి. వెనక్కి వెళ్లేకొద్దీ చిన్న బల్లలు వేసి, చివర్లో పొట్టివాళ్లను కూర్చోబెట్టాడు. దానికి ఆస్కార్ వచ్చింది. పర్‌స్పెక్టివ్ (దూరం వెళ్లేకొద్దీ వస్తువు చిన్నగా కనిపించేలా గీసే పద్ధతి) గీసిన మీ అమ్మాయికి ఆ కిటుకు ఇట్టే అర్థమవుతుంది.

ఆమె మెచ్చిన 'అమేలీ' (2001) సంగతీ చెప్పండి. దాని డిజైనర్ అలీన్ బొనెటో పదేళ్ల ముందు, అదే దర్శకుడు మరొకరితో కలిసి తీసిన 'డెలికటెసెన్'లో సెట్ అలంకరణ చూసింది. అక్కడ పైకి వచ్చే దారి అలాగే ఉంటుంది: ఒకరి చేతి కింద ఏళ్ల తరబడి పని.

చదువు విషయానికొస్తే, పారిస్‌లోని లా ఫెమిస్ అనే సినిమా స్కూల్లో సెట్ డిజైన్‌కు ప్రత్యేక విభాగమే ఉంది. పోటీ పరీక్ష గట్టిది, పాఠాలన్నీ ఫ్రెంచ్‌లోనే. వడ్రంగితో, పెయింటర్‌తో మాట్లాడాల్సిందీ ఆ భాషలోనే కాబట్టి ఇప్పుడే క్లాసుల్లో చేర్పించండి. నాకైతే భాష రాకుండా వీసా ఫైలు తెరవడం ఇష్టం ఉండదు.

డబ్బు మాట కూడా దాచను. నెల జీతం ఉండదు, సినిమాకో కాంట్రాక్టు. సినిమాల మధ్య ఖాళీ రోజులకు అక్కడ నిరుద్యోగ భృతి ఉంది గానీ, 12 నెలల్లో 507 గంటలు పనిచేసినట్టు చూపాలి. కొత్తవాళ్లకు ఆ గంటలు కూడటమే కష్టం. చదువయ్యాక పని చేయడానికి అనుమతి వేరే వ్యవహారం.

కాబట్టి డిగ్రీ కాగానే విమానం ఎక్కించకండి. హైదరాబాద్‌లో ఏదైనా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో ఒక్క సినిమా పూర్తయ్యేదాకా అసిస్టెంట్‌గా ఉండనివ్వండి. తెల్లవారుజామున ప్లైవుడ్ దుమ్ములో నిలబడి, మధ్యాహ్నానికి కూలగొట్టే గోడకు రంగు వేయించాక కూడా పారిస్ అంటే, అప్పుడు వాళ్ల నాన్నగారితో నేనే మాట్లాడతాను.